పోటు తాకే నేల ఎవరిది?

శ్రీకాకుళం జిల్లాలో నౌపడ, కాకరాపల్లి చుట్టూ పరుచుకున్న చిత్తడిని జనం తంపర అంటారు. సోంపేట దగ్గర బీల అంటారు. చేపలు, పశువుల మేత, తుంగ, పక్క పొలాలకు నీరు ఇచ్చే ఇలాంటి నేలకు రెవెన్యూ లెక్కల్లో దక్కే పేరు మాత్రం చాలాసార్లు పోరంబోకు, లేదంటే బంజరు. 2010 జులై 14న సోంపేటలో, 2011 ఫిబ్రవరి 28న కాకరాపల్లిలో థర్మల్ విద్యుత్ కేంద్రాలను వ్యతిరేకించిన గ్రామస్థులపై పోలీసులు కాల్పులు జరిపారు. రెండుచోట్లా ప్రాణాలు పోయాయి. ఆ గొడవ వేళ్లు రెండు వందల ఏళ్ల లోతున ఉన్నాయి.

1802లో మద్రాసు ప్రభుత్వం చేసిన 25వ రెగ్యులేషన్ ద్వారా ఉత్తర సర్కారుల్లో జమీందార్లకు శాశ్వతంగా శిస్తు ఖరారైంది. ఉప్పు ఆదాయాన్ని మాత్రం అందులో కలపకుండా ఈస్టిండియా కంపెనీ తనకే ఉంచుకుంది. 1805లో ఉప్పుపై గుత్తాధికారం కూడా వచ్చింది. అంటే ఒకే తీరంలో వరి పండే నేల మీద శిస్తు జమీందారుకు, ఉప్పు మీద రాబడి సర్కారుకు. ఏదీ పండని చిత్తడి ఎవరి లెక్కలోకీ రాలేదు. పోరంబోకు అనే మాటకు అసలు అర్థం పన్ను లెక్కకు బయట ఉన్నదని మాత్రమే. పనికిరానిదనే అర్థాన్ని మనం తర్వాత అంటగట్టాం. నష్టమంతా అక్కడే మొదలైందని నా నమ్మకం.

యాజమాన్యం సంగతి తేల్చింది 1905 నాటి మద్రాసు భూ ఆక్రమణల చట్టం. పోటు గీతకు దిగువన ఉన్న సముద్రపు అడుగు, రేవులు, ఉప్పుటేరులు, నిలిచిన నీరు, పారే నీరు అన్నీ ప్రభుత్వ ఆస్తి అని దాని 2వ సెక్షన్ ప్రకటించింది. జమీందార్ల ఆస్తికి మినహాయింపు ఉంది. ఈ ప్రాంతంలో జమీందారీలే ఎక్కువ కాబట్టి ఆ మినహాయింపు ఇక్కడ చిన్నదేమీ కాదు. 1948లో వచ్చిన ఎస్టేట్ల రద్దు చట్టం దాన్నీ తుడిచేసింది. ఎస్టేటులోని ఉమ్మడి భూములు, పోరంబోకులు, బంజర్లు, అడవులు, జలవనరులు ప్రభుత్వపరమయ్యాయి. దున్నిన రైతుకు పట్టా దక్కే దారి ఏర్పడింది. వల వేసినవారికి, పశువును మేపినవారికి అలాంటి దారి చూపలేదు.

1991 ఫిబ్రవరి 19 నాటి తీర ప్రాంత నియంత్రణ నోటిఫికేషన్ మరో గీత గీసింది. పెద్ద పోటు ఎక్కే హద్దుకూ ఆటు దిగే హద్దుకూ మధ్య ఉన్న నేలను అత్యంత కఠిన రక్షణ ఉండే మొదటి వర్గంలో చేర్చింది. ఇది వాడకంపై ఆంక్షే తప్ప హక్కుల నిర్ణయం కాదు. 2017 నాటి చిత్తడి నేలల నిబంధనలు ఉప్పు మడులనూ, తీర నియంత్రణ పరిధిలోని చిత్తడినీ తమ లెక్కలోంచి మినహాయించాయి.

సోంపేట ప్రాజెక్టుకు ఇచ్చిన పర్యావరణ అనుమతిని జాతీయ పర్యావరణ అప్పిలేట్ అథారిటీ రద్దు చేసింది కాల్పులు జరిగిన రోజే. ఆ తీర్పు అనుమతి గురించే. బీల మీద బతికేవారి హక్కు గురించి కాదు. చేపల మీద, మేత మీద సామూహిక హక్కును పేరు పెట్టి గుర్తించిన చట్టం ఒకటుంది, 2006 నాటి అటవీ హక్కుల చట్టం. అది అటవీ భూములకే వర్తిస్తుంది. తంపర అడవి కాదు.