మనవాళ్లు, అవతలివాళ్లు

చిరంజీవులకు,

ఆశీస్సులు. మొన్న టీవీలో అల్లర్ల వార్తలు చూసి "ఇన్నాళ్లూ పక్కపక్కనే బతికినవాళ్లు ఒకళ్లనొకళ్లు ఎందుకు చంపుకుంటున్నారు, తాతయ్యా? వాళ్లకేం పుట్టింది?" అని అడిగారు. ఫోన్లో రెండు ముక్కల్లో తేలే సంగతి కాదని ఉత్తరం రాస్తున్నాను. కాస్త పొడుగైంది, ఓపిగ్గా చదవండి.

ఇలాంటి ప్రశ్నకి పెద్దవాళ్లు మామూలుగా రెండు జవాబులు చెబుతారు. భూమి కోసమో, పదవి కోసమో కొట్టుకుంటారన్నది ఒకటి. ఆ జాతే అంత, పుట్టుకతోనే కోపిష్టులు అన్నది రెండోది. మొదటిదాంట్లో నిజం చాలానే ఉంది. రెండోది వట్టి కబురు. ఈ రెండూ కాక ఇంకో సంగతుంది, దాన్ని ఎవరూ పెద్దగా పట్టించుకోరు. కొట్టుకోవడానికి ఏమీ లేకపోయినా మనిషి తనవాళ్ల వైపు మొగ్గుతాడు.

హెన్రీ తాజ్‌ఫెల్ అని పోలండ్‌లో పుట్టిన యూదు ఒకాయన ఉండేవాడు. రెండో ప్రపంచ యుద్ధంలో ఫ్రెంచి సైన్యంలో చేరి జర్మన్లకు ఖైదీగా చిక్కాడు. ప్రాణాలతో బయటపడ్డాడు గానీ, అయినవాళ్లలో దాదాపు అందరినీ నాజీలు చంపేశారు. తర్వాత ఇంగ్లండ్‌లో మనస్తత్వ శాస్త్రం ప్రొఫెసర్ అయ్యాడు. మీరడిగిన ప్రశ్నే ఆయన్ని జీవితాంతం వదల్లేదు.

1970 ప్రాంతంలో ఆయన బ్రిస్టల్‌లో 14, 15 ఏళ్ల బడి పిల్లలతో ఓ ప్రయోగం చేశాడు. క్లే, కాండిన్‌స్కీ అనే ఇద్దరు చిత్రకారుల బొమ్మలు చూపించి ఏవి నచ్చాయో అడిగాడు. నువ్వు క్లే జట్టు, నువ్వు కాండిన్‌స్కీ జట్టు అని విడగొట్టాడు. నిజానికి ఎవరి ఇష్టాన్నీ చూడలేదు, లాటరీ తీసినట్టే పంచేశాడు. తన జట్టులో ఇంకెవరున్నారో కూడా పిల్లలకి తెలీదు. తర్వాత ఒక్కొక్కరినీ విడిగా కూర్చోబెట్టి, వేరే ఇద్దరు పిల్లలకి పాయింట్లు పంచమన్నాడు. ఆ పాయింట్లకి తగ్గ డబ్బులు చివర్లో ఆ పిల్లలకి వస్తాయి. పంచేవాడికి మాత్రం ఆ పంపకంలో పైసా రాదు.

ఒక కాగితం మీద అంకెలు ఇలా ఉండేవి. తన జట్టువాడికి 19 ఇస్తే అవతలి జట్టువాడికి 25 వెళ్తుంది. 13 ఇస్తే అవతలివాడికీ 13. తనవాడికి 7తో సరిపెడితే అవతలివాడికి ఒక్కటే. తనవాడి మేలే కోరితే 19 ఇవ్వాలి కదా? చాలామంది అలా చెయ్యలేదు. తనవాడు ఎదుటివాడికంటే ముందుండేలా తక్కువ అంకెల వైపే జరిగారు. మనకి నష్టమైనా ఫర్వాలేదు, వాళ్లకి మాత్రం మనకంటే ఎక్కువ రాకూడదు! పాత పగల్లేవు, భూమి తగాదాల్లేవు, ముఖాలు కూడా తెలీవు. నాకు ఈ ప్రయోగం చదివిన ప్రతిసారీ కాస్త భయమే వేస్తుంది.

ఎందుకలా అంటే, మన విలువేంటో మనం ఒంటరిగా లెక్కేసుకోం అంటాడు తాజ్‌ఫెల్. మన జట్టు గెలిస్తే మనం గెలిచినట్టే ఉంటుంది. జట్టుని ఎవరైనా ఓ మాటంటే మన ముఖం మీద అన్నట్టే ఉంటుంది.

అలాగని జట్లున్న చోటల్లా రక్తం పారదు. తనవాళ్ల వైపు మొగ్గడం వేరు, అవతలివాళ్లని పగబట్టడం వేరు. మొదటిదాన్ని రెండోదిగా మార్చడానికి మధ్యలో ఎవరో పూనుకోవాలి. రువాండా అనే ఆఫ్రికా దేశంలో హుటూలు, టుట్సీలు ఒకే భాష మాట్లాడతారు, ఒకే ఊళ్లలో ఉంటారు, ఒకే చర్చికి వెళ్తారు. పూర్వం పశుసంపద పెరిగితేనో తరిగితేనో ఒక వర్గం నుంచి ఇంకో వర్గానికి మారినవాళ్లూ ఉండేవారు. 1930లలో బెల్జియం పాలకులు గుర్తింపు కార్డులిచ్చి, ప్రతి మనిషి కార్డు మీదా అతని వర్గం రాసేశారు. దాంతో మారే దారి మూసుకుపోయింది. 1994లో ఒక రేడియో స్టేషన్ టుట్సీలని బొద్దింకలని రోజూ తిట్టేది. రోడ్ల మీద అడ్డం నిలబడ్డ హుటూ ముఠాలవాళ్లు చూసింది ఆ కార్డులనే. సుమారు వంద రోజుల్లో దాదాపు 8 లక్షల మందిని చంపేశారు. వద్దని అడ్డుపడిన హుటూలనీ వదల్లేదు.

అదే మనిషి ఓ తల్లి, ఓ టీచరు, చర్చిలో పాటలు పాడే మనిషి కూడా అయ్యుండొచ్చు. కార్డు మీద వాటికి చోటులేదు. నన్నడిగితే అసలు ప్రమాదం ఇక్కడే ఉంది. మనిషికి ఉన్న నాలుగైదు గుర్తింపుల్లో మూడు నాలుగు కొట్టేసి, ఒక్కదాన్ని బట్టే బతకాలో చావాలో తేల్చడం.

అందుకే "మనమంతా ఒక్కటే, తేడాలు మర్చిపోదాం" అనే ఉపన్యాసాలు నాకంతగా రుచించవు. మర్చిపొమ్మన్నకొద్దీ జనానికి తమది పోతుందేమోనని బెంగ పుడుతుంది. ముఖ్యంగా తక్కువ సంఖ్యలో ఉన్నవాళ్లకి. ఉత్తర ఐర్లండ్‌లో బ్రిటన్‌తోనే ఉందామనేవాళ్లకీ, ఐర్లండ్‌లో కలుద్దామనేవాళ్లకీ మధ్య 1998లో కుదిరిన శాంతి ఒప్పందం అక్కడివాళ్లని ఏదీ వదులుకోమనలేదు. నువ్వు ఐరిష్ అనుకో, బ్రిటిష్ అనుకో, రెండూ అనుకో, నీ ఇష్టం అంది. మూడు వేల పైచిలుకు మంది చనిపోయాక రాసుకున్న మాట అది. "రెండూ" అనే ఆ చిన్న ముక్క రాయించడానికి ఎంత కష్టపడి ఉంటారో!

గుర్తింపు గీతని కొంచెం జరిపితే ఏమవుతుందో ఇంగ్లండ్‌లోనే ఇంకో ప్రయోగం చూపించింది, 2005లో అచ్చైంది. మాంచెస్టర్ యునైటెడ్ అనే ఫుట్‌బాల్ జట్టు అభిమానుల్ని ముందు తమ జట్టు గురించి రాయమన్నారు. తర్వాత దారిలో ఒకడు పరుగెత్తుతూ కాలు జారి పడ్డట్టు నటించాడు. అతను మాంచెస్టర్ చొక్కా వేసుకుంటే చాలామంది ఆగి సాయం చేశారు. వాళ్లకి బద్ధశత్రువైన లివర్‌పూల్ చొక్కా అయితే ఎక్కువమంది పట్టించుకోకుండా పోయారు. రెండోసారి వేరేవాళ్లని పిలిచి, ఫుట్‌బాల్ అభిమాని కావడం గురించి రాయమన్నారు. ఈసారి లివర్‌పూల్ చొక్కావాడినీ లేపారు. కానీ ఏ జట్టుదీ కాని మామూలు చొక్కావాడి దగ్గర అంతమంది ఆగలేదు. గీత చెరిగిపోలేదన్నమాట, ఇంకొంచెం అవతలికి జరిగిందంతే.

మరి పగ పుట్టాక ఏం చెయ్యాలి? 1954లో అమెరికాలోని ఓక్లహోమాలో ముజఫర్ షెరీఫ్ అనే ఆయన సుమారు 11 ఏళ్ల పిల్లలు 22 మందిని క్యాంపుకి తీసుకెళ్లి, రెండు జట్లు చేసి, పోటీలు పెట్టాడు. కొద్ది రోజుల్లోనే జెండాలు తగలబెట్టుకునేదాకా వచ్చింది. కలిపి సినిమా చూపించారు, కలిపి భోజనం పెట్టారు, ఉపయోగం లేదు, అన్నం దగ్గరే తిట్టుకుని గిన్నెలోవి విసురుకున్నారు. పగ తగ్గించింది ఉమ్మడి అవసరాలు. మంచినీళ్ల ట్యాంకు దగ్గర పంపు మూసుకుపోతే రెండు జట్లూ కలిసి బాగుచేశాయి. సామాన్లు తెచ్చే ట్రక్కు కదలకపోతే తాడు కట్టి అందరూ లాగారు. అంతకుముందు ఒకళ్ల మీద ఒకళ్లు లాగుడు పోటీ ఆడిన తాడే అది. అయినా ఒక్క పనితో పోలేదు, మళ్లీ తగువు, మళ్లీ కలిసి పని. అలా అలా మెత్తబడ్డారు. (పెద్దవాళ్లు కావాలని ఎగదోసిన క్యాంపు అది, ఆ సంగతి మర్చిపోకండి. అంతకు ముందు ఏడాది పెట్టిన ఇంకో క్యాంపులో పిల్లలు ముందే స్నేహితులైపోయారు. విడగొట్టినా సరిగ్గా కొట్టుకోలేదు!)

ఇంత చెప్పాక, నాకు ఇప్పటికీ కుదరని లెక్క ఒకటుంది. ఇరాక్‌లో ఐసిస్ ఉగ్రవాదులు తరిమేస్తే ఇళ్లొదిలి వచ్చిన క్రైస్తవుల ఫుట్‌బాల్ జట్లలో కొన్నింటికి ముస్లిం ఆటగాళ్లని చేర్చారు. ఈ అధ్యయనం 2020లో వచ్చింది. అలా కలిసి ఆడిన క్రైస్తవుల్లో, మిగతా జట్లవాళ్లకంటే ఎక్కువమంది ఆరు నెలల తర్వాత కూడా ముస్లింలతో ప్రాక్టీసుకి వెళ్లారు, ఆటలో మర్యాదగా ఉన్నవాళ్లకిచ్చే బహుమతికి వేరే జట్టులోని ముస్లింలకి ఓటేశారు. మైదానం దాటి, ముఖం తెలియని ముస్లింల మధ్యకి వెళ్లే విషయంలో మాత్రం పెద్ద మార్పు రాలేదు. ఒకణ్ణి నమ్మాక వాడి మనుషుల్ని నమ్మడానికి ఇంకా ఏం కావాలి? కలిసి ఆడటం చాలలేదు సరే, కలిసి ఉద్యోగం చేస్తేనో, ఒకే బడిలో చదివితేనో సరిపోయేదా? మీ ఇద్దరికీ ఏం తోస్తుందో విడివిడిగా రాయండి, ఒకళ్లది ఒకళ్లు చూసి కాపీ కొట్టకుండా.

ఉంటాను,
మీ తాతయ్య