స్క్విడ్ ఒంట్లో తెల్లదారం

చిరంజీవులకు తాతయ్య ఆశీస్సులు.

మొన్న సెలవుల్లో మీలో చిన్నది ఒక ప్రశ్న అడిగింది, గుర్తుందా? "ఎముకే లేని ఆక్టోపస్‌కి మెదడుంటుందా తాతయ్యా?" అని. "ఉంటుందమ్మా" అని ఊరుకున్నాను. అంత చిన్న జవాబుతో సరిపెట్టడం నాకే నచ్చలేదు. అందుకే ఈ ఉత్తరం.

ఈ సంగతి చెప్పాలంటే జె. జెడ్. యంగ్ దగ్గర మొదలుపెట్టాలి. ఆయన ఇంగ్లండ్ జంతుశాస్త్రవేత్త. 1907లో పుట్టి 1997లో పోయారు. చాలా ఏళ్లు లండన్ యూనివర్సిటీ కాలేజీలో అనాటమీ (శరీర నిర్మాణ శాస్త్రం) ప్రొఫెసర్‌గా ఉన్నారు. వయసులో ఉన్నప్పుడు ఇటలీలోని నేపుల్స్ సముద్ర పరిశోధన కేంద్రానికి వెళ్లి ఆక్టోపస్‌లనీ స్క్విడ్‌లనీ కోసి చూసేవారు. స్క్విడ్ అంటే ఆక్టోపస్‌కి చుట్టమే, పొడవాటి ఒళ్లున్న సముద్ర జీవి. స్క్విడ్ ఒంటి గోడ లోపలివైపు ఆయనకి తెల్లటి, కొంచెం పారదర్శకంగా ఉన్న గొట్టాలు కనిపించాయి. దారమంత లావు, కొన్ని దాదాపు ఒక మిల్లీమీటరు. అంత లావున్నదాన్ని ఎవరు చూసినా రక్తనాళమనే అనుకుంటారు. యంగ్‌కి మాత్రం అనుమానం వచ్చింది. రక్తనాళమైతే లోపల రక్తం ఏది?

అవి నాడీ తంతువులని, అంటే మెదడు కబుర్లని మోసే పోగులని, ఆయన 1936 నాటికి తేల్చారు. అలా అనుకుని వదిలెయ్యలేదు, పరీక్షించారు. తంతువుకి కొద్దిగా విద్యుత్తు తగిలిస్తే ఒంటి గోడ కండరం ఒక్కసారిగా ముడుచుకుంది. మన ఒంట్లో ఇలాంటి తంతువు మిల్లీమీటరులో యాభయ్యో వంతు ఉంటే అదే లావు. నిజానికి 1909లోనే విలియమ్స్ అనే ఆయన స్క్విడ్ మీద రాసిన పుస్తకంలో ఈ తంతువుల గురించి చెప్పారు. ఎవరూ పట్టించుకోలేదు. చూసినవాళ్లున్నా, చూసినదాన్ని పట్టుకుని అడిగినవాళ్లు లేకపోయారు.

స్క్విడ్‌కి ఇంత లావు నాడి ఎందుకు? శత్రువు కనబడితే అది ఒళ్లంతా ఒక్కసారి బిగించి, నీటిని గొట్టంలోంచి చిమ్మి, వెనక్కి దూసుకుపోతుంది. ఒంట్లో ఒక పక్క ముందు, ఇంకో పక్క తర్వాత బిగిస్తే ఆ ఊపు రాదు. మన నాడుల చుట్టూ ఉండే కొవ్వు పొర దానికి లేదు కాబట్టి, కబురు వేగంగా వెళ్లాలంటే తంతువు లావుగా ఉండాల్సిందే. దూరం వెళ్లే తంతువులు దగ్గరవాటికన్నా లావు. దాంతో కబురు అన్నిచోట్లకీ ఇంచుమించు ఒకేసారి చేరుతుంది. దీన్ని మొదటిసారి చదివిన రోజు నాకు రాత్రి నిద్ర పట్టలేదు.

ఆ లావే తర్వాతివాళ్లకి దారి చూపించింది. 1939లో ఇంగ్లండ్ తీరాన ఉన్న ప్లిమత్‌లో హాడ్జ్‌కిన్, హక్స్‌లీ అనే శాస్త్రవేత్తలు ఆ తంతువు లోపలికే సన్నటి ఎలక్ట్రోడ్, అంటే విద్యుత్తు కొలిచే తీగ, దూర్చి చూశారు. నాడిలో కబురు నడవడమంటే సోడియం అయాన్లు (విద్యుదావేశం ఉన్న పరమాణువులు) లోపలికి, పొటాషియం అయాన్లు బయటికి పోవడమని 1952లో లెక్కలతో సహా చూపించారు. 1963లో వాళ్లకి నోబెల్ వచ్చింది. మీ క్లాసు పుస్తకంలో నాడీ ప్రచోదనం పాఠం ఉందే, అది ఈ స్క్విడ్ చెప్పిన పాఠమే.

ఇక ఆక్టోపస్. దానికి దాదాపు 50 కోట్ల నాడీకణాలున్నాయి, సగానికి పైగా చేతుల్లోనే. యంగ్, ఆయన సహచరుడు బాయ్‌కాట్ కలిసి దానికి పీతని చూపించేవారు. పీత ఒక్కటే వస్తే తినొచ్చు. పీతతో పాటు తెల్ల పలక కనబడితే మాత్రం, దగ్గరికొస్తే చిన్న షాక్. కొన్నిసార్లకే అది తేడా నేర్చుకుంది. మెదడులో పైభాగాన ఉండే ఒక ముక్కని తీసేస్తే ఆ జ్ఞాపకం నిలబడలేదు. ఈ ప్రయోగాలు చదివినప్పుడల్లా నాకు మనసులో కష్టంగానే ఉంటుంది. ప్రయోగాల్లో జంతువులని కాపాడే చట్టంలోకి బ్రిటన్ 1993లో ఆక్టోపస్‌ని చేర్చింది. ఆ పని ముందే జరిగి ఉండాల్సింది.

యంగ్ 1950లో బీబీసీ రేడియోలో మామూలు జనం కోసం వరసగా ప్రసంగాలు చేశారు. మరుసటి ఏడాది అవి 'డౌట్ అండ్ సర్టెన్టీ ఇన్ సైన్స్' అనే పుస్తకంగా వచ్చాయి. ఎమ్మెస్సీ రోజుల్లో లైబ్రరీలో దొరికింది నాకు. అందులో ఒకచోట పుట్టుగుడ్డివాళ్ల గురించి చెప్తారు. పెద్దయ్యాక ఆపరేషన్ చేసి కళ్లు తెరిపిస్తే వాళ్లకి ఏం కనిపిస్తుంది? అమ్మ ముఖమో, చెట్టో కాదు. రంగులు, వెలుగు కలగాపులగంగా ఉంటాయి. ఏది త్రికోణమో ఏది చదరమో చెప్పడానికి మూలలు లెక్కపెట్టుకోవాలి. చూడటం నేర్చుకోవడానికి నెలలు పడుతుంది.

అంటే చూసేది కన్నొక్కటే కాదు పిల్లలూ. మెదడు అంతకుముందు నేర్చుకున్న పద్ధతిలోనే మనం చూస్తాం. గొట్టం కనబడగానే రక్తనాళం అనిపించడం కూడా అలా నేర్చుకున్నదే. శాస్త్రవేత్త చేసే పని, ఆ అలవాటుని పక్కన పెట్టి ఇంకోసారి చూడటం. అది చాలా కష్టం. నేను ముప్పై ఏళ్లు పాఠం చెప్పాను, నాడి అంటే కరెంటు తీగ లాంటిదని. తీగలో కరెంటు వెళ్లే తీరు వేరు, నాడిలో కబురు వెళ్లే తీరు వేరు. ఆ పోలిక పిల్లలకి తేలిగ్గా అర్థమవుతుందని వాడాను, కానీ అది పూర్తిగా సరైనది కాదని ప్రతిసారీ చెప్పి ఉండాల్సింది. మీతో ఇప్పుడు చెప్తున్నాను.

ఈసారి వచ్చినప్పుడు పొద్దున్నే విశాఖ ఫిషింగ్ హార్బర్‌కి వెళ్దాం. తాజా స్క్విడ్ ఒకటి కొని, కత్తెరతో ఒంటిని నిలువుగా తెరుద్దాం. సిరా సంచి పగలకుండా చూసుకోవాలి. లోపలి గోడ మీద నక్షత్రంలాంటి చిన్న తెల్ల ముడి కనిపిస్తుంది. దాని నుంచి నలువైపులా సన్నటి తెల్ల దారాలు పోతుంటాయి. నా భూతద్దం తుడిచి సిద్ధంగా పెట్టాను. మొదట మీరు చూసి, ఏం కనబడిందో నాకు చెప్పండి. ఆ తర్వాతే నేను నోరు విప్పుతాను.

మీ తాతయ్య