మంటల కంటే ముందు పొగొస్తుంది: ఫైర్ సర్వీస్‌లో పనిచేసేవాడిగా కొన్ని అపోహలు - వాస్తవాలు

2025 మే 18 పొద్దున్నే చార్మినార్ దగ్గర గుల్జార్ హౌజ్‌లో ఓ ఇల్లు అంటుకుని 17 మంది పోయారు, అందులో 8 మంది పిల్లలే. కింద నగల షాపులు, పైన ఇల్లు, ఎక్కడానికీ దిగడానికీ ఒకటే ఇరుకు మెట్లదారి. ఇలాంటిది జరిగిన ప్రతిసారీ జనం నోట అవే మాటలు వింటున్నా, అందుకే రాస్తున్నా.

అపోహ: మంటలంటుకునే చచ్చిపోతారు, పొగొస్తే లేచి పరిగెత్తొచ్చు.

వాస్తవం: ఎక్కువమందిని చంపేది పొగే. అందులోని కార్బన్ మోనాక్సైడ్‌కి రంగుండదు, వాసనుండదు, నిద్రలో ఉన్నోళ్ళకి మెలకువే రాకపోవచ్చు, వచ్చినా ఒళ్ళు స్వాధీనంలో ఉండదు, తలుపు దాకా వెళ్ళేలోపే పడిపోతారు. స్మోక్ అలారం పెట్టుకోండని మేం పోరేది ఇందుకే.

అపోహ: ముక్కుకి తడిగుడ్డ కట్టుకుంటే బయటపడిపోవచ్చు.

వాస్తవం: మసిని కాస్త ఆపుతుందేమో గానీ కార్బన్ మోనాక్సైడ్‌ని ఆపదు. గుడ్డని నమ్ముకుని పొగ నిండిన మెట్లమీదకి దయచేసి వెళ్ళకండి. రోడ్డువైపు కిటికీ ఉన్న గదిలోకి పోయి, తలుపేసి, అదే తడిగుడ్డని తలుపు కింద సందులో కుక్కి, కిటికీలోంచి కనపడేలా చెయ్యూపండి. మామూలు చెక్క తలుపైనా సరే, మూసుంటే పొగ లోపలికి రావడానికి చాలా టైమ్ పడుతుంది. బాత్రూమ్‌లో మాత్రం దాక్కోవద్దు, అక్కడున్నట్టు మాకు బయటినుంచి కనపడదు.

అపోహ: ఎమ్‌సీబీ (కరెంటు ఎక్కువైతే దానంతటదే పడిపోయే స్విచ్) ఉందిగా, కరెంటుతో భయం లేదు.

వాస్తవం: ఓవర్‌లోడ్‌కి, షార్ట్ సర్క్యూట్‌కి అది ట్రిప్ అవుతుంది. కానీ వైర్ జాయింట్ లూజై వేడెక్కుతుంటే కరెంటు ఎక్కువ లాగదు కాబట్టి దానికి తెలీదు. ఇంకో ఘోరం ఏంటంటే, ఏసీ వేస్తే మాటిమాటికీ పడిపోతోందని వైరు మార్చకుండా ఎమ్‌సీబీ ఒక్కటే పెద్దది వేయించేస్తారు, అప్పుడిక కాలేది గోడలో ఉన్న వైరే.

అపోహ: మన ఫ్లాట్‌లో మనం జాగ్రత్తగా ఉంటే చాలు.

వాస్తవం: 2023 నవంబర్ 13న నాంపల్లి బజార్‌ఘాట్‌లో అపార్ట్‌మెంట్ కింద కెమికల్ డ్రమ్ములు అంటుకుని కనీసం 9 మంది పోయారు. కింద పుట్టిన పొగ మెట్లదారి పట్టుకుని పైకెక్కుతుంది. సెల్లార్‌లో ఏం పెట్టారో అడగండి, అసోసియేషన్‌లో గొడవైనా పర్లేదు అడగండి. కిటికీ గ్రిల్‌లో ఒకటైనా లోపలినుంచి తెరుచుకునేలా చేయించండి, టెర్రస్ తలుపుకి తాళం తీయించండి.

లిఫ్ట్ ఎక్కొద్దన్నది అందరికీ తెలిసిందే. 101కో 112కో ఫోన్ చేసినప్పుడు మాత్రం లోపల ఎంతమంది, ఏ ఫ్లోర్, గల్లీలోకి బండి ఎటునుంచి పడుతుందో అడక్కముందే చెప్పండి.