రూపాయి ముప్పావలా అప్పుతో మొదలైన పేపర్

ఒరేయ్ చిన్నా, అమ్మలూ,

మొన్న వీడియో కాల్‌లో అడిగారు కదా, ఇంట్లో ఇన్ని ఫోన్లుండగా తాతయ్య ఇంకా ఆ హిందూ పేపర్ ఎందుకు తెప్పిస్తాడు అని. అలవాటురా, అంతకంటే ఏం లేదు. కానీ ఆ పేపర్ ఎలా పుట్టిందో మీకు ఎవరూ చెప్పి ఉండరు, స్కూల్లో చెప్పరు, అందుకే రాస్తున్నా. ఫోన్‌లో చెప్తే మధ్యలో గేమ్ ఓపెన్ చేస్తారు మీరు, ఉత్తరమైతే కనీసం మీ అమ్మ పక్కన కూర్చోబెట్టి చదివిస్తుంది.

1878, మద్రాసు. అప్పటికి అక్కడ ఇంగ్లీష్ పేపర్లు లేవా అంటే ఉన్నాయి, మద్రాస్ మెయిల్ లాంటివి, కానీ అవి తెల్లవాళ్లవి, తెల్లవాళ్ల కోసం. ఆ ఏడాది టి. ముత్తుస్వామి అయ్యర్ గారిని మద్రాస్ హైకోర్టుకి జడ్జిగా వేశారు, ఆ కోర్టులో జడ్జి అయిన మొదటి భారతీయుడు ఆయనే. బాగా పేద ఇల్లు, వీధి దీపం కింద చదువుకున్నాడని ఇప్పటికీ చెప్పుకుంటారు. ఇంకేం, తెల్లవాళ్ల పేపర్లకి కడుపు మండింది, ఒక నేటివ్‌కి ఆ కుర్చీ ఏంటి అని రాయడం మొదలెట్టాయి. చదివిన మనవాళ్లకి ఒళ్లు మండింది, సరే, కానీ జవాబు ఎక్కడ రాస్తారు? తిట్టిన పేపరే మన జవాబు వేస్తుందా?

అప్పుడు ఆరుగురు కుర్రాళ్లు కలిశారు, మద్రాసులోనే ట్రిప్లికేన్ అనే పేట వైపు వాళ్లు. జి. సుబ్రహ్మణ్య అయ్యర్, ఎం. వీరరాఘవాచారి అని ఇద్దరు టీచర్లు, మిగతా నలుగురు లా చదువుతున్నవాళ్లు. ఆ నలుగురిలో ఒకాయన మన తెలుగాయన, న్యాపతి సుబ్బారావు పంతులు గారు. తర్వాత రాజమండ్రిలో పెద్ద వకీలై, కాంగ్రెస్‌కి జనరల్ సెక్రటరీ కూడా చేశారు, ఆంధ్ర భీష్మ అనేవాళ్లు ఆయన్ని. ఈ ఆరుగురి దగ్గర డబ్బులెంత ఉన్నాయో తెలుసా, అసలు లేవు. రూపాయి ముప్పావలా అప్పు తెచ్చి, మింట్ స్ట్రీట్‌లో శ్రీనిధి ప్రెస్ అనే చోట 80 కాపీలు కొట్టించారు. సెప్టెంబర్ 20 న మొదటి సంచిక వచ్చింది, వెల నాలుగణాలు. అప్పటికి వారపత్రికే సుమా, డైలీ కాదు.

మనవాళ్లయ్యుండి ఇంగ్లీష్‌లో ఎందుకు అని మీకు డౌట్ రావచ్చు. తిట్టినవాడు ఇంగ్లీషోడు, వాడికి అర్థం కావాలంటే వాడి భాషలోనే అనాలి. పైగా అదే ఏడాది లిట్టన్ అనే వైస్రాయ్ దేశభాషల పేపర్ల మీద ఒక చట్టం తెచ్చాడు, ప్రభుత్వాన్ని తిడితే ప్రెస్సే లాక్కుపోవచ్చు, ఇంగ్లీష్ పేపర్లకి మాత్రం అది వర్తించదు. కలకత్తాలో అమృతబజార్ పత్రిక అనే బెంగాలీ పేపర్ ఆ దెబ్బ తప్పించుకోవడానికే ఇంగ్లీష్ పేపర్ అయిపోయింది!

ఇక్కడిదాకా అందరూ చెప్తారు. నాకు ఎక్కువ ఇష్టమైంది ఆ తర్వాతి కథ, ఎందుకంటే కోపంతో పేపర్ పెట్టడం ఒక ఎత్తు, దాన్ని నడపడం ఇంకో ఎత్తు. లా చదివినవాళ్లు పరీక్షలు పాసై ప్రాక్టీసులకి వెళ్లిపోయారు, ఇద్దరు టీచర్లే మిగిలారు, అయ్యర్ గారు రాయడం, ఆచారి గారు లెక్కలు చూడటం. 1883 లో వారానికి మూడుసార్లు చేశారు, మౌంట్ రోడ్డుకి మారి నేషనల్ ప్రెస్ అని సొంత ప్రెస్ పెట్టుకున్నారు, అది కూడా అప్పే. 1889 ఏప్రిల్ 1 నుంచి డైలీ. 1892 లో ఆ బిల్డింగ్ సొంతం కావడానికి అప్పిచ్చింది ఎవరనుకున్నారు, మన విజయనగరం మహారాజా ఆనంద గజపతి గారు, గురజాడ వారిని ఆదరించిన మహారాజే!

అయ్యర్ గారు మామూలు మనిషి కాదు. 1885 లో బొంబాయిలో కాంగ్రెస్ మొదటి సభ జరిగితే మొదటి తీర్మానం పెట్టింది ఆయనే. బాల్య వివాహాలు వద్దు, వితంతువులకి పెళ్లిళ్లు చేయండి అని పేపర్లో రాసేవారు, రాసి ఊరుకోలేదు, 1889 లో తన సొంత కూతురికే, చిన్నపిల్ల, భర్త పోయాడు, ఆ పిల్లకి మళ్లీ పెళ్లి చేశారు. మన వీరేశలింగం గారు రాజమండ్రిలో మొదటి వితంతు వివాహం చేసి అప్పటికి ఎనిమిదేళ్లే. ఇప్పుడు మీకిది పెద్ద విషయంలా అనిపించదు కానీ, అప్పుడు ఆ పేపర్ చందాదారుల్లో ఎక్కువమంది పాతకాలపు ఆచారాల ఇళ్లవాళ్లే, వాళ్లకి అస్సలు నచ్చలేదు. చందాలు పడిపోయాయి, అప్పులు పెరిగాయి, స్నేహితులిద్దరికీ పడలేదు, 1898 లో అయ్యర్ గారు తప్పుకుని తన తమిళ పేపర్ స్వదేశమిత్రన్ చూసుకున్నారు. నన్నడిగితే ఆ పేపర్‌కి వెన్నెముక ఆయనే, ఆ మనిషే అందులోంచి వెళ్లిపోవాల్సి రావడం నాకు ఇప్పటికీ బాధే.

ఆచారి గారు ఒక్కరే ఏడేళ్లు లాగి లాగి, 1905 ఏప్రిల్ 1 న 75,000 రూపాయలకి అమ్మేశారు. కొన్నది కస్తూరి రంగ అయ్యంగార్, వకీలు, ఆ పేపర్‌కే లీగల్ సలహాలిచ్చేవాడు, అంటే లోపలి అప్పులన్నీ తెలిసే కొన్నాడన్నమాట, ధైర్యం చూడండి. ఆయన దగ్గర మొహమాటం లేదు, చందా ముందే కట్టాలి, బాకీ ఉంటే పేపర్ బంద్. మెల్లగా పేపర్ నిలబడింది, ఆ కుటుంబం చేతిలోనే ఇప్పటికీ ఉంది.

ఇంకో తమాషా. మొదట్లో అది సాయంత్రం పేపర్, పొద్దున పూట రావడం 1940 నుంచే. ఇంకా, 1958 జనవరి దాకా మొదటి పేజీలో వార్తలుండేవి కాదు, మొత్తం ప్రకటనలే! వార్త కావాలంటే లోపలికి తిప్పాలి. ఇప్పుడు ఫ్రంట్ పేజీ నిండా యాడ్ వేస్తే మనం తిట్టుకుంటాం కానీ అది కొత్తదేం కాదురా.

మద్రాసులో అచ్చైన పేపర్ మన దాకా రావడం కూడా పెద్ద కథే. రైల్లో వస్తే పాతబడిపోతుంది, అందుకని 1963 లో సొంత విమానాలే కొన్నారు, రాత్రి అచ్చేసి తెల్లారేసరికి ఊళ్లకి చేర్చడానికి. 1969 లో ఇంకా తెలివైన పని చేశారు, పేజీ మొత్తాన్ని ఫొటోలా చదివే మెషీన్‌తో లైన్ మీద కోయంబత్తూరుకి పంపారు, అటువైపు అది ఫిల్మ్‌గా దిగుతుంది, ఫిల్మ్ నుంచి ప్లేటు, ప్లేటు నుంచి అచ్చు. మీరు వాట్సాప్‌లో ఫొటో పంపుతారే, దాదాపు అదే పని, కాకపోతే ఒక గది నిండా మెషీన్లతో. తర్వాత హైదరాబాద్‌లోనూ అచ్చు మొదలైంది.

దాన్ని మౌంట్ రోడ్ మహావిష్ణువు అని వెక్కిరించేవాళ్లు, అంత గంభీరం, తొందర పడదు, ఎవర్నీ గట్టిగా అనదు అని. ఆ మహావిష్ణువే 1988 లో బోఫోర్స్ ఫిరంగుల కొనుగోలులో కమీషన్ల కాగితాలు బయటపెట్టి ఢిల్లీని కుదిపేసింది, ఎన్. రామ్, చిత్రా సుబ్రమణ్యం అనే జర్నలిస్టులు చేసిన పని అది. 1995 లో ఇంటర్నెట్‌లోకి వచ్చింది, మన దేశంలో అలా వచ్చిన మొదటి పేపర్ అదే, కాబట్టి ఫోన్‌లో చదువుకుంటామంటే నాకేం అభ్యంతరం లేదు, మీ బాబాయి సివిల్స్‌కి చదివినప్పుడు ఎడిటోరియల్ పేజీ కత్తిరించి ఫైల్ చేసేవాడు, ఆ ఫైళ్లు మా అటక మీదే ఉన్నాయి, సెలవులకి వచ్చినప్పుడు దింపి ఇస్తా.

మీ తాతయ్య