టెర్రీ గుర్రపు దండు కథ

చిరంజీవులైన పిల్లలకు, తాతయ్య దీవెనలు.

మీలో చాలామంది టెక్సస్‌లో, హ్యూస్టన్ పక్కనున్న షుగర్ ల్యాండ్‌లో పెరుగుతున్నారు. ఆస్టిన్‌లో శాసనసభ ఆవరణలో గుర్రమెక్కిన సైనికుడి కంచు విగ్రహం ఒకటుంది. 1907లో పెట్టారు. అది 8వ టెక్సస్ అశ్వికదళానిది. వాళ్లనే టెర్రీ రేంజర్లు అంటారు. ఆ టెర్రీ మీ ఊరి నేలమీద చెరకు పండించిన ఆసామి. అందుకే మీకు ఈ కథ తెలియాలి.

బెంజమిన్ ఫ్రాంక్లిన్ టెర్రీ తోటల్లో చెరకు నరికి, గానుగలాడి, చక్కెర వండినవారు నల్లజాతి బానిసలు. 1861లో టెక్సస్‌ను అమెరికా నుంచి విడదీసిన సభలో ఆయన సభ్యుడు. ఎందుకు విడిపోతున్నారో ఆ సభే రాసి ప్రకటించింది. తమ నేలమీద బానిసత్వం ఎప్పటికీ ఉండాలన్నది అందులో ప్రధానమైన మాట. ఆ తరువాత ఉత్తర, దక్షిణ రాష్ట్రాల మధ్య జరిగిన అంతర్యుద్ధానికి కారణం వేరే ఏదో అని ఎవరైనా చెబితే ముందు ఆ ప్రకటన చదవండి.

ఆ సెప్టెంబరులో హ్యూస్టన్‌లో వెయ్యిమందికి పైగా ఈ దండులో చేరారు. చేతుల్లో షాట్‌గన్‌లు, నడుముకు కోల్ట్ రివాల్వర్లు. కాన్ఫెడరేట్ సైన్యంలో, అంటే విడిపోయిన దక్షిణ రాష్ట్రాల సైన్యంలో, ఎవరి గుర్రం వారిదే. దానికి ప్రభుత్వం రోజుకు 40 సెంట్లు ఇచ్చేది. పోరులో చస్తే ఖరీదు కట్టిచ్చేది. రోగమొచ్చి చచ్చినా, నడవలేక కూలబడినా నష్టం రౌతుదే. మరో గుర్రం సంపాదించుకోలేనివాడు కాలినడక సైనికుడయ్యేవాడు. తిండి కన్నా ముందు గుర్రం గురించే దిగులుపడే బతుకు అది.

టెర్రీ మొదటి పోరులోనే పోయాడు. 1861 డిసెంబరు 17న కెంటకీలోని వుడ్‌సన్‌విల్ దగ్గర, జర్మనీ నుంచి వలస వచ్చినవారితో నిండిన, అమెరికా ప్రభుత్వం తరఫున పోరాడే ఇండియానా పటాలం మీదికి దూసుకెళ్లి కూలాడు. ఆ తరువాత దండు షైలో, పెర్రీవిల్, చికమాగా పోరాటాల్లో నిలిచింది. వాళ్ల తెగువను నేను కాదనను. దాన్ని ఏ పనికి ధారపోశారో చూస్తే మాత్రం మనసు కలుక్కుమంటుంది.

1865 మార్చి 21న నార్త్ కరొలినాలోని బెంటన్‌విల్‌లో జరిగింది వినండి. కాన్ఫెడరేట్ జనరల్ హార్డీ కొడుకు విల్లీకి 16 ఏళ్లు. ఈ దండుతో కలిసి పోరాడతానని పట్టుబట్టాడు. తండ్రి చివరికి సరేనన్నాడు. ఆనాటి దాడిలోనే తూటా తగిలి, కొద్దిరోజులకే ఆ పిల్లవాడు చనిపోయాడు. అప్పటికి ఓటమి ఖాయమైపోయింది. నెల దాటిన కొద్దిరోజులకే, ఏప్రిల్ 26న, వాళ్ల సైన్యం లొంగిపోయింది. చాలామంది రేంజర్లు లొంగకుండా తప్పుకున్నారు.

జూన్ 19న గాల్వెస్టన్‌లో, బానిసలందరూ స్వతంత్రులని గెలిచిన అమెరికా సైన్యం ప్రకటించింది. కానీ చెరకు తోటలకు చవక కూలీలు కావాలిగా! జైళ్లలోని నల్లవారిని అద్దెకు తెచ్చి చాకిరీ చేయించారు. 2018లో షుగర్ ల్యాండ్‌లో బడి కట్టడానికి తవ్వుతుంటే బయటపడిన 95 సమాధులు అలాంటివారివే.

ఇట్లు,
మీ తాతయ్య