శిక్షణ నౌక విదేశాలకు వెళ్లేది షికారుకేనా? అపోహలు - వాస్తవాలు

నౌకాదళంలో కుర్ర ఆఫీసర్లకు సముద్రం మీద పని నేర్పడం నా వృత్తి. భారత నౌకాదళంలో ఈ పని చేసేది కొచ్చిలో ఉండే ఫస్ట్ ట్రైనింగ్ స్క్వాడ్రన్, అంటే శిక్షణ నౌకల దళం. ఐఎన్ఎస్ తీర్, శార్దూల్, సుజాత, తెరచాప నౌకలు తరంగిణి, సుదర్శిని, వీటికి తోడు ఒక కోస్ట్ గార్డ్ నౌక ఇందులో ఉంటాయి. కేరళలోని ఎజిమల నౌకాదళ అకాడమీలో చదువు పూర్తయిన ట్రైనీలు నెలల తరబడి ఈ నౌకల మీదే ఉంటారు. ఆ కాలంలోనే కొన్ని విదేశీ రేవులకూ వెళ్తారు. పేపర్లో వచ్చేది మాత్రం తెల్ల యూనిఫాంలో వరసగా నిలబడ్డ ఫొటో ఒక్కటే. అది చూసి జనం అనుకునేవాటిలో కొన్ని సరిదిద్దాలని చాలాకాలంగా అనుకుంటున్నాను.

అపోహ: గుడ్‌విల్ విజిట్ (స్నేహపూర్వకంగా పరాయి రేవుకు వెళ్లిరావడం) అంటే సర్కారు ఖర్చుతో విదేశీ టూరు.

నన్ను ఎక్కువగా బాధపెట్టే మాట ఇది. మొత్తం శిక్షణలో ట్రైనీకి బాగా టెన్షన్ పెట్టే గంటలు కొత్త రేవులోకి నౌకను తీసుకెళ్లే గంటలే. రోజుల ముందునుంచే చార్టు (సముద్రపు పటం) పరిచి దారి గీస్తారు. ఎక్కడ ఎంత లోతు ఉంది, ఆ గంటకు పోటు ఎంత, ఆటు ఎంత, నౌక అడుగుకూ సముద్రపు నేలకూ మధ్య ఎంత నీరు మిగులుతుంది, ఎక్కడ మలుపు తిప్పాలి, ఏ చోటు దాటితే ఇక వెనక్కి తిప్పడం కుదరదు... ఇవన్నీ ట్రైనీ తన చేత్తో లెక్క కట్టాలి. రేవు దగ్గరపడ్డాక లైట్‌హౌస్, కొండ కొమ్ము, చర్చి గోపురం లాంటి గుర్తుల మీద బేరింగులు (అవి ఏ దిక్కులో ఉన్నాయో చెప్పే కోణాలు) తీసి, నిమిషాల తేడాతో నౌక ఎక్కడుందో చార్టు మీద పెడుతూనే ఉండాలి. స్థానిక పైలట్ నౌక ఎక్కి దారి చెబుతాడు. అయినా బాధ్యత కెప్టెన్‌దే. ఆ కెప్టెన్ పక్కన నిలబడి, తన లెక్క తప్పితే ఏమవుతుందో కళ్లారా చూస్తూ నేర్చుకునే అవకాశం ఏ తరగతి గదిలోనూ దొరకదు. పైగా సొంత రేవును పదిసార్లు చూస్తే దారి కంఠతా వచ్చేస్తుంది. చూడని రేవైతేనే చార్టును నిజంగా చదవడం వస్తుంది.

నౌకను రేవులో కట్టేశాక కూడా తీరిక తక్కువ. ఒక్కో రేవులో సాధారణంగా మూడు నాలుగు రోజులు ఉంటారు. వంతులవారీగా కొందరు నౌకమీదే డ్యూటీలో ఉండాలి. గ్యాంగ్‌వే (నౌక ఎక్కే దారి) దగ్గర కాపలా, మోకుల బిగువు చూడటం, రాత్రి ఫైర్ రౌండ్లు ఎక్కడున్నా తప్పవు. మిగిలినవాళ్లు ఆ దేశపు నౌకాదళ అకాడమీకి వెళ్తారు, వాళ్లతో ఆటలాడతారు, అమరవీరుల స్మారకం దగ్గర పూలగుచ్ఛం ఉంచుతారు. నౌక చూడటానికి వచ్చే బడిపిల్లలకు వివరించే పని కూడా ట్రైనీలదే. సాయంత్రం డెక్ మీద విందు ఉంటే పొద్దున్నుంచి డెక్ కడగడం, పందిరి గుడ్డ కట్టడం, దీపాలు వేలాడదీయడం అందరూ కలిసి చేస్తారు. తర్వాత స్నానం చేసి, యూనిఫాం మార్చుకుని, భాష సరిగా తెలియని అతిథితో గంటసేపు మర్యాదగా మాట్లాడాలి. ఇరవై రెండేళ్ల పిల్లవాడికి అది చిన్న పరీక్ష కాదు. బయలుదేరేటప్పుడు ఆతిథ్య దేశపు నౌకతో కలిసి సంకేతాల మార్పిడి, వరస కట్టి నడవడం వంటి విన్యాసాలు చేస్తారు. ఊరు చూడటానికి మిగిలేది ఒక పూట. ఆ పూట వాళ్లకు దక్కాల్సిందే అని నేను గట్టిగా అంటాను.

అపోహ: శిక్షణ నౌక అసలు యుద్ధనౌకే కాదు.

అంతర్జాతీయ సముద్ర చట్టం ప్రకారం సాయుధ దళానికి చెంది, ఆ దేశపు గుర్తులు కలిగి, నియమిత ఆఫీసర్ కమాండ్‌లో, సైనిక క్రమశిక్షణకు లోబడిన సిబ్బందితో నడిచే నౌక యుద్ధనౌకే. అందుకే పరాయి దేశం రేవుకు వెళ్లాలంటే ముందుగా దౌత్యపరమైన అనుమతి తీసుకుంటారు.

అపోహ: జీపీఎస్ వచ్చాక సెక్స్టెంట్‌తో (సూర్యుడు, చుక్కల ఎత్తును కోణంగా కొలిచే పరికరం) పనేముంది?

జీపీఎస్ సిగ్నల్ చాలా బలహీనమైనది, దాన్ని అడ్డుకోవడం కష్టం కాదు. 2025 జూన్‌లో హోర్ముజ్ జలసంధి చుట్టూ ఎన్నో నౌకల తెరల మీద స్థానం తప్పుగా కనిపించింది. అమెరికా నౌకాదళ అకాడమీ ఒకప్పుడు పక్కన పెట్టిన నక్షత్ర నావిగేషన్ పాఠాన్ని 2015లో మళ్లీ మొదలుపెట్టింది. మన ట్రైనీలు మధ్యాహ్నం సూర్యుడు అన్నిటికన్నా పైకి చేరే క్షణంలో కోణం కొలిచి అక్షాంశం కడతారు. చుక్కలు, సముద్రపు అంచు రెండూ ఒకేసారి కనబడేది సంజెవేళ కొద్ది నిమిషాలే కాబట్టి ఆలోపే నాలుగైదు చుక్కలు పట్టాలి. మొదట్లో జవాబు మైళ్ల తేడాతో వస్తుంది. పట్టు వదలకుండా చేసేవాళ్లకు కొన్ని వారాల్లో దగ్గరికొస్తుంది.

తెరచాప నౌకలనూ ఇలాగే పాతకాలపు ముచ్చట అంటారు. తరంగిణి గోవా షిప్‌యార్డులో కట్టిన, తెరచాపలు కట్టే మూడు నిలువు కొయ్యలున్న నౌక. 1997 నవంబర్ 11న నౌకాదళంలో చేరింది, 2003-04లో భూమిని చుట్టి వచ్చింది. దానికి ఇంజన్లూ ఉన్నాయి. కానీ గాలి మారిన సంగతి చెంపకు తగిలి తెలియడం, పక్కవాడు మోకు వదిలితే తన ప్రాణానికి ముప్పు అని తెలియడం, ఊగే కొయ్య ఎక్కి తెరచాప చుట్టడం అక్కడే వస్తాయి. రేపు పెద్ద నౌక నడిపినా ఆ జ్ఞానం ఒంట్లో ఉంటుంది.

అపోహ: స్నేహం, సద్భావన అన్నవి మర్యాద మాటలు. అసలు ప్రయోజనం ఉండదు.

దౌత్యం నౌకాదళం పనుల్లో ఒకటి, ఇందులో దాపరికమేమీ లేదు. 2024 మార్చిలో ఇరాన్ శిక్షణ నౌకలు బుషెహర్, టోన్బ్ ముంబై వచ్చాయి. అదే ఏడాది అక్టోబర్‌లో తీర్, శార్దూల్, కోస్ట్ గార్డ్ నౌక వీర ఇరాన్ రేవు బందర్ అబ్బాస్ వెళ్లాయి, అక్కడినుంచి ఒమన్‌లోని మస్కట్. 2025 సెప్టెంబర్‌లో స్క్వాడ్రన్ సీషెల్స్‌లోని పోర్ట్ విక్టోరియాలో ఆగింది. ఒకరి పిల్లలు ఇంకొకరి రేవు చూసి వెళ్లడం ఇలా సాగుతూ ఉంటుంది. శ్రీలంక, మాల్దీవులు, మారిషస్ వంటి దేశాల ట్రైనీలు మన అకాడమీలో మనవాళ్లతోపాటే చదువుతారు, ఒకే మెస్‌లో తింటారు. పదిహేనేళ్ల తర్వాత తుపానులోనో, సముద్రపు దొంగల వేటలోనో అవతల రేడియోలో పలికేది ఆ పాత మిత్రుడే కావచ్చు.

ఇంకో సంగతి. 2020 మార్చిలో వరదలతో దెబ్బతిన్న మడగాస్కర్‌కు 600 టన్నుల బియ్యం మోసుకెళ్లింది ఈ శార్దూలే. ట్యాంకులను ఒడ్డుకు దించడానికి కట్టిన నౌక కాబట్టి దాని కడుపు విశాలం. ట్రైనీలకు బడి, ఆపదలో ఉన్నవాళ్లకు బియ్యం బండి రెండూ అదే నౌక.

అపోహ: ఆడపిల్లలకు సముద్రం మీద చోటు లేదు.

2017 సెప్టెంబర్ 10న గోవా నుంచి ఐఎన్ఎస్‌వీ తారిణిలో బయలుదేరిన ఆరుగురు నౌకాదళ మహిళా ఆఫీసర్లు 2018 మే 21న తిరిగొచ్చారు. ఫ్రీమాంటల్, లిటిల్టన్, పోర్ట్ స్టాన్లీ, కేప్‌టౌన్‌లలో ఆగి భూమిని చుట్టారు. ఆ ఆరుగురిలో స్వాతిది విశాఖపట్నం, ఐశ్వర్య బొడ్డపాటిది హైదరాబాద్. తారిణి పదిహేడు మీటర్ల చిన్న నౌక. దక్షిణ అమెరికా కొసన ఉన్న కేప్ హార్న్ దగ్గరి అలల్లో అది ఎలా ఊగుతుందో తెలిసినవాడిగా, ఈ అపోహకు ఇంతకన్నా జవాబు అక్కర్లేదంటాను.

అపోహ: నేవీ అన్నా, మర్చంట్ నేవీ అన్నా ఒకటే. డబ్బు కడితే ఓడ ఎక్కిస్తారు.

విశాఖ, శ్రీకాకుళం వైపు తల్లిదండ్రులు ఈ పొరపాటువల్ల ఏజెంట్ల చేతిలో నష్టపోవడం చూస్తున్నాను. మర్చంట్ నేవీ అంటే సరుకు ఓడల్లో ఉద్యోగం, దాని దారి వేరు. నౌకాదళంలో ఆఫీసర్ కావాలంటే యూపీఎస్సీ పెట్టే ఎన్‌డీఏ (నేషనల్ డిఫెన్స్ అకాడమీ) పరీక్ష ఒక మార్గం. ఇంటర్ తర్వాత జేఈఈ మెయిన్ ర్యాంకుతో పిలిచే బీటెక్ ఎంట్రీ మరొకటి. రెండింటికీ ఎస్ఎస్‌బీ (ఆఫీసర్లను ఎంపిక చేసే బోర్డు) ఇంటర్వ్యూ, మెడికల్ తప్పవు. నావికుడిగా చేరే అగ్నివీరులకు ఒడిశాలోని ఐఎన్ఎస్ చిల్కాలో శిక్షణ ఇస్తారు. నౌకాదళంలో చేరే ఈ దారుల్లో దేనిలోనూ శిక్షణకు ఫీజు లేదు, మధ్యవర్తి అవసరం లేదు. ఎవరైనా సీటు ఇప్పిస్తామని డబ్బడిగితే ఇవ్వకండి, పోలీసులకు చెప్పండి.