గులాబీ పావురానికి గండం గడిచిందా?

మారిషస్ అనగానే డోడో గుర్తొస్తుంది. 17వ శతాబ్దంలోనే అంతరించిన ఆ పక్షి పావురాల కుటుంబానిదేనంటే చాలామంది నమ్మరు. అదే దీవిలో, అదే కుటుంబంలో ఇంకో పక్షి కొద్దిలో తప్పించుకుంది. లేత గులాబీ తల, మెడ, గోధుమ రంగు రెక్కలు, ఇటుక రంగు తోక ఉండే గులాబీ పావురం. 1991 నాటికి అడవిలో సుమారు పది పక్షులే మిగిలాయి. ఇప్పుడు వందల్లో ఉన్నాయి.

దీని అడవిని చాలావరకు చెరకు మింగేసింది. ఆ తోటల్లో పనికి 19వ శతాబ్దంలో కోరంగి రేవు నుంచి ఓడలెక్కి వెళ్లిన తెలుగు కూలీల వారసులు ఇప్పటికీ అక్కడున్నారు. మిగిలిన కాస్త అడవిలో ఎలుకలు, పిల్లులు, కోతులు, ఎలుకల్ని పడతాయని మన దేశం నుంచి తీసుకెళ్లిన ముంగిసలు గుడ్ల మీద, పిల్లల మీద పడ్డాయి. చిత్రమేమిటంటే, చివరి పక్షులు గూళ్లు కట్టింది బయటి నుంచి తెచ్చి నాటిన జపాన్ సుగి చెట్ల తోపులో. ఆ చెట్ల ముళ్లలాంటి ఆకుల మధ్యకు చొరబడటం కోతులకూ ఎలుకలకూ కష్టం. పరాయి జంతువుల నుంచి పరాయి చెట్టు కాపాడిందన్నమాట.

పంజరాల్లో పెంపకం 1976లో మొదలైంది. బ్రిటిష్ ప్రకృతి ప్రేమికుడు గెరాల్డ్ డరెల్ స్థాపించిన వన్యప్రాణి సంరక్షణ సంస్థ అండతో పనిచేసిన జీవశాస్త్రవేత్త కార్ల్ జోన్స్, గుడ్లు పొదిగి పిల్లల్ని సాకే పనిని పెంపుడు గువ్వలకు అప్పగించాడు. పెరిగిన పక్షుల్ని అడవిలోకి, తర్వాత ఇల్ ఓ జెగ్రెట్ అనే 26 హెక్టార్ల చిన్న దీవిలోకి వదిలారు. గింజలు పెట్టారు, ఎలుకల్ని పట్టారు. 2018లో అంతర్జాతీయ ప్రకృతి సంరక్షణ సంస్థ ఐయూసీఎన్ దీన్ని ‘అంతరించే ముప్పున్న’ (ఎన్‌డేంజర్డ్) జాబితా నుంచి ముప్పు ఒక మెట్టు తక్కువైన ‘వల్నరబుల్’ జాబితాలోకి మార్చింది.

అయినా టెన్షన్ తగ్గలేదు. ట్రైకోమొనాస్ అనే ఏకకణ జీవి గొంతులో పుండ్లు పుట్టిస్తుంది. పావురాలు తల్లీతండ్రీ ఇద్దరూ కంఠసంచిలో ఊరే ‘పాలు’ పిల్లల నోట్లో పోస్తాయి కదా, జబ్బు కూడా ఆ దారినే దిగుతుంది. పైకి ఆరోగ్యంగా కనిపించే పెద్ద పక్షి నుంచి కూడా పిల్లకు అంటుకుని చంపేయగలదు.

అసలు చిక్కు ఇంకా లోపలుంది. ఈ వందల పక్షులూ వేళ్ల మీద లెక్కపెట్టగల కొన్నింటి సంతానమే. తరతరాలుగా మేనరికాలే చేసుకుంటున్న కుటుంబం ఎలాంటిదో, వీటి పరిస్థితీ అంతే. హానికరమైన జన్యువు ఒక్క వైపు నుంచే వస్తే చాలాసార్లు దాగి ఉంటుంది. తల్లీతండ్రీ దగ్గరి చుట్టాలైతే అది రెండు వైపుల నుంచీ పిల్లకు చేరి బయటపడుతుంది. అప్పుడు గుడ్లు పగిలి పిల్లలు రావు, వచ్చినా బతకవు. ఈ పక్షుల సంఖ్య పెరిగాక కూడా జన్యు వైవిధ్యం తరుగుతూనే ఉందని 2022లో వెలువడిన జన్యు పరిశోధన చూపింది. ఇలాగే వదిలేస్తే 50 నుంచి 100 ఏళ్లలో అంతరించిపోవచ్చని అంచనా వేసింది. తలలు లెక్కపెట్టి ఊరట చెందడం ఎంత తొందరపాటో ఇక్కడ తెలుస్తుంది.

దీవిలోని పక్షుల్లో లేని కొన్ని జన్యు రకాలు యూరప్ జూలలో పెరుగుతున్న గులాబీ పావురాల్లో మిగిలి ఉన్నాయి. వాటి సంతానాన్ని మారిషస్ పక్షులతో కలపాలన్నది శాస్త్రవేత్తల సూచన. అయితే జూ నుంచి కొత్త జబ్బు వెంట రాకుండా చూడాలి. ముందే ట్రైకోమొనాస్‌తో సతమతమవుతున్న గుంపు ఇంకో రోగాన్ని తట్టుకోలేదు.